కాలాన్ని నేసే ఊరు

యముణ్ని ఎదిరించి నిలిచినవాడు మార్కండేయుడు. ఆయన కొడుకు భావనారుషి తామరతూళ్ల నారతో దేవతలకు బట్టలు నేశాడని పద్మశాలీలు చెప్పుకుంటారు. అంటే... కాలాన్ని గెలిచినవాడి ఇంట పుట్టిన విద్య నేత! పురాణాన్ని నమ్మినా నమ్మకపోయినా, ధర్మవరం మగ్గం దగ్గర కాసేపు కూర్చుంటే ఆ మాట నిజమేననిపిస్తుంది.

ఒకప్పటి అనంతపురం జిల్లాలోది ధర్మవరం. 2022 నుంచి శ్రీసత్యసాయి జిల్లాలో ఉంది. కరవుకు పెట్టింది పేరైన సీమ. ఏడాదికి సగటు వర్షం 550 మిల్లీమీటర్లకు కాస్త అటూ ఇటూ. అదీ వేళకు పడదు. వేరుశనగ చేను కళ్లముందే ఎండిపోయే ఈ నేల మీదే దేశమంతా మెచ్చే పెళ్లి పట్టుచీరలు పుడతాయి. వాటికి భౌగోళిక గుర్తింపూ ఉంది.

అదే జిల్లాలోని లేపాక్షికి వెళ్లి ఒకసారి తలెత్తి చూడండి. వీరభద్రాలయం పైకప్పు మీద రంగుల బొమ్మలు. అచ్యుతదేవరాయల కాలం (1529-42) నాటివి. ఆ బొమ్మల్లోని స్త్రీలు కట్టిన చీరల మీద గళ్లు, చారలు, పువ్వులు, లతలు. ఆ నమూనాలు నేటికీ పట్టుచీరల అంచుల్లోకి దిగివస్తూనే ఉన్నాయి. దాదాపు అయిదు వందల ఏళ్ల కిందటి చీర, నిన్న పెళ్లికూతురు కట్టిన చీర... రెంటినీ ఒకచోట కలపగలిగింది మగ్గమే!

ధర్మవరంలో ఓ నేత ఇల్లు అనుకోండి. గదిలో సగం మగ్గానిదే. గుంటలో కాళ్లు పెట్టుకుని పెద్దాయన కూర్చుంటాడు. భార్య పక్కన రాట్నం మీద కండెలు చుడుతుంది. పైన జకార్డు అట్టలు టకటకమంటాయి. అంచు ఒక రంగు, ఒళ్లు మరో రంగు అయితే రెండోమనిషి సాయం ఉండాల్సిందే. నమూనాను బట్టి ఒక్క చీరకు వారం నుంచి రెండు వారాలు పడుతుంది. బరువైన పని అయితే ఇంకా ఎక్కువే.

పడుగు అయిపోయినప్పుడు చేసే పని ఒకటుంది. పాత పడుగు కొసను మగ్గం మీద నుంచి పూర్తిగా తీసేయరు. అచ్చులో అలాగే ఉంచి, కొత్త పడుగులోని ఒక్కో పోగునూ పాత పోగుకు కలిపి వేళ్ల మధ్య మెలిపెడతారు. జారకుండా వేళ్లకు బూడిద రాసుకుంటారు. ఇలా వేల పోగులు! కంటిచూపంతా అక్కడే పోతుంది. కానీ ఆ అతుకు పడితేనే నిన్నటి చీర వెంట రేపటి చీర వస్తుంది.

వానతో ఈ ఇంటికి చిత్రమైన సంబంధం. ముసురు పడితే గుంటలోకి చెమ్మ చేరుతుంది, పని ఆగుతుంది. అలాగని వానే లేకపోతే? పంట పోతుంది, పెళ్లిళ్లు వాయిదా పడతాయి, చీరలు బీరువాల్లోనే ఉండిపోతాయి. రైతు ఇంట ఎండిన కాలం కొన్నాళ్లకు నేతన్న ఇంటి తలుపూ తడుతుంది.

అంతకన్నా పెద్ద దెబ్బ మరమగ్గానిది. చీర సహా 11 రకాల చేనేత వస్త్రాలను మరమగ్గాల మీద నేయకూడదని 1985 నాటి చట్టం చెబుతోంది. అయినా చేనేత నమూనాలు మరమగ్గం ఎక్కుతూనే ఉన్నాయి. చేతిమగ్గం రోజుల్లో చేసేది అక్కడ గంటల్లో అయిపోతుంది. దుకాణంలో రెండూ పక్కపక్కనే ఉంటే చూసే కంటికి తేడా తెలియదు. తేడా అల్లా ఒక్కటే... ఒకదానిలో రెండు వారాల బతుకు ఉంది, రెండోదానిలో లేదు. బేరం ఆడేటప్పుడు మనం తగ్గించమని అడిగేది పట్టు ధర కాదు, జరీ ధర కాదు. వాటి రేటు మార్కెట్టు చేతిలో ఉంటుంది. తగ్గేదల్లా ఆ రెండు వారాల కూలి!

పెద్దాయనకు ఒక కూతురు ఉందనుకోండి. చిన్నప్పటి నుంచీ ఒకటే మాట.

''నాయనా, నాకెప్పుడు నేస్తావు?''

''వచ్చే పడుగులో నేస్తాలేమ్మా.''

పట్టు తనది కాదు, మాస్టర్ వీవర్‌ది. తన చీర తాను నేసుకోవాలంటే ముందు పట్టు కొనాలి. అప్పటిదాకా ఉన్న బాకీ తీరాలి. ఒక పడుగు పోయి మరో పడుగు వస్తుంది. ఎందరి పెళ్లిరోజునో బీరువాలో భద్రంగా దాచిపెట్టగలిగిన మనిషి, సొంత బిడ్డకు ఇచ్చిన మాటను మాత్రం ముందుకు జరుపుతూనే ఉంటాడు.

కొడుకు బెంగళూరులో ఉద్యోగం వెతుక్కున్నాడు. అతణ్ని తప్పుపట్టేవాళ్లెవరు? కానీ రేపు పెద్దాయన వేళ్లకు ఓపిక తగ్గితే, అచ్చులో మిగిలిన ఆ కొసకు కొత్త పోగు అతికేదెవరన్నదే ప్రశ్న.

పట్టుచీర కొనేవాళ్లు గుర్తుపెట్టుకోవాల్సిన చిన్న సంగతి ఉంది. సిల్క్ మార్క్ చెప్పేది అది అసలు పట్టేనని మాత్రమే. చేతిమగ్గం మీద నేసిందని చెప్పేది 2006లో వచ్చిన హ్యాండ్లూమ్ మార్క్. రెండూ అడగాలి. అడిగి, ఆ రెండు వారాలకూ ధర ఇవ్వాలి.

అలా ఇచ్చేవాళ్లు పెరిగిన రోజున ''వచ్చే పడుగులో'' అన్న మాట వాయిదాలా కాకుండా ముహూర్తంలా వినిపిస్తుంది. ధర్మవరంలో ఆ మాట కోసం ఎదురుచూసే ఇళ్లు చాలానే ఉన్నాయి.