ఎవరూ అచ్చెయ్యని పుస్తకాలకో ఇల్లు

వేళకాని వేళ గంట మోగుతుంది. లైబ్రేరియన్ లేచి తలుపు తీస్తాడు. గుమ్మంలో ఓ ముసలావిడ. హోటల్ గదుల్లో కొవ్వొత్తి వెలుగులో పూలమొక్కలు పెంచడం ఎలాగో పుస్తకం రాసి తెచ్చింది. ఇంకోసారి అయిదేళ్ల పిల్లాడు వస్తాడు. వాడి పుస్తకం వాడి మూడు చక్రాల సైకిలు గురించి. అందులో మాటల్లేవు, అన్నీ బొమ్మలే! ఎవరినీ 'ఇది బాగాలేదు' అనరక్కడ. పేరు రిజిస్టర్లో రాసుకుంటారు. పుస్తకాన్ని ఏ అరలో పెట్టాలో రచయితే ఎంచుకుని పెట్టేసి, తేలికపడిన గుండెతో వెళ్లిపోతాడు. చదవడానికి మాత్రం ఎవరూ రారు.

ఇలాంటి లైబ్రరీ ఈ లోకంలో ఎక్కడుంటుంది? లేదు మరి. 1971లో అమెరికా రచయిత రిచర్డ్ బ్రాటిగన్ 'ది అబార్షన్' అనే నవలలో కట్టిన ఊహాలోకం అది. తమాషా ఏమిటంటే, దానికి ఆయనిచ్చిన చిరునామా నిజమైనదే. శాన్‌ఫ్రాన్సిస్కోలోని శాక్రమెంటో వీధిలో ఆ నంబరున్న భవనం ఊళ్లోవాళ్లంతా వాడుకునే మామూలు గ్రంథాలయ శాఖ. నవలలో పుస్తకాలు తెచ్చి ఇచ్చేవాళ్ల జాబితాలో బ్రాటిగన్ తన పేరు కూడా కలిపేసుకున్నాడు.

ఆయన 1984లో చనిపోయాడు. ఆరేళ్ల తర్వాత, 1990లో, వెర్మాంట్ రాష్ట్రంలోని బర్లింగ్టన్‌లో టాడ్ లాక్‌వుడ్ అనే అభిమాని ఆ ఊహకి నిజంగానే తలుపులు బిగించాడు. పేరు 'బ్రాటిగన్ లైబ్రరీ'. అచ్చుకాని రాతప్రతి అయితే చాలు, ఎవరిదైనా తీసుకుని బైండు చేయించి అరలో పెట్టేవారు. పుస్తకాలు సర్దడానికి పెట్టుకున్న పద్ధతి పేరు వింటే నవ్వొస్తుంది... 'మయొనీజ్ పద్ధతి'! బ్రాటిగన్‌కి బాగా పేరు తెచ్చిన 'ట్రౌట్ ఫిషింగ్ ఇన్ అమెరికా' ఆ మాటతోనే ముగుస్తుందిలెండి. అందుకే పుస్తకాల వరస పక్కకి ఒరిగిపోకుండా మయొనీజ్ సీసాలే ఆసరాగా నిలబెట్టారు. ప్రేమ, కుటుంబం, సాహసం, యుద్ధమూ శాంతీ, జీవితానికి అర్థం... ఇలా విభాగాలు. వేటిలోనూ ఇమడనివాటికి 'మిగిలినవన్నీ' అని ఒకటి. మన ఇళ్లలో అటక లాంటిదన్నమాట.

ఊహకి అద్దె ఉండదు, నిజానికి ఉంటుంది. వాలంటీర్లతో నడిచిన ఆ లైబ్రరీ కొన్నేళ్లకే, 1990ల నడిమిలో మూతపడింది. పుస్తకాలు ఊళ్లోని ఫ్లెచర్ ఫ్రీ లైబ్రరీకి చేరాయి. అచ్చయిన పుస్తకమైతే ఒక ప్రతి పోయినా మరోచోట ఇంకొకటి దొరుకుతుంది. వీటికా భరోసా లేదు. రాసినవాళ్లలో చాలామందికి అదొక్కటే పుస్తకం. పెట్టె పోతే ఒక మనిషి చెప్పుకున్నదంతా పోయినట్టే. 2010లో ఆ పెట్టెలన్నీ దేశాన్ని అడ్డంగా దాటి పడమటి తీరానికి ప్రయాణం కట్టాయి. బ్రాటిగన్ పుట్టింది ఆ వైపే, వాషింగ్టన్ రాష్ట్రంలోని టకోమాలో.

ఇప్పుడు వాటిని చూడాలంటే వాంకూవర్ వెళ్లాలి. కెనడాలోది కాదు, వాషింగ్టన్ రాష్ట్రంలోది. పొరబడితే ఓ దేశం సరిహద్దు దాటిపోతారు! పోర్ట్‌లాండ్ నుంచి కొలంబియా నది మీద వంతెన దాటితే అవతలి గట్టే ఈ ఊరు. పోర్ట్‌లాండ్ పక్కనున్న హిల్స్‌బరోలో కంప్యూటర్ ఉద్యోగాలు చేసుకునే తెలుగువాళ్లకైతే ఆదివారం కారులో వెళ్లి వచ్చేంత దూరం. మెయిన్ స్ట్రీట్‌లో క్లార్క్ కౌంటీ హిస్టారికల్ మ్యూజియం ఉంది. 1909లో ఉక్కు వ్యాపారి కార్నెగీ ఇచ్చిన డబ్బుతో గ్రంథాలయంగా కట్టిన భవనమిది. 1964లో మ్యూజియమైంది. మళ్లీ దానిలోకి ఓ గ్రంథాలయం, అదీ ఇలాంటిది, వచ్చి చేరడం బాగుంది.

ఉన్నవి మూడొందల పైచిలుకు. నవలలోలా వీటిని చదివేవాళ్లు లేకపోలేదు. 2013 నుంచి కొత్త రచనల్ని కంప్యూటర్ ప్రతులుగా తీసుకోవడం మొదలెట్టారు. కాగితం బరువు లేకపోయినా, సీసాల పక్కన నిలబడ్డ ఆ బైండు పుస్తకాల దర్జా వాటికి రాదు.

ఫ్రెంచి రచయిత డేవిడ్ ఫొయెన్‌కినోస్ 2016లో ఈ ఆలోచననే తీసుకుని, బ్రిటనీ తీరంలోని ఓ ఊళ్లో తిరస్కరించిన పుస్తకాల లైబ్రరీని సృష్టించి 'ది మిస్టరీ ఆఫ్ హెన్రీ పిక్' రాశాడు. 2019లో సినిమా కూడా వచ్చింది. అందులో పిజ్జాలు చేసుకు బతికి చనిపోయిన ఓ మనిషి పేరుతో ఆ అరల్లో గొప్ప నవల దొరుకుతుంది. అది కథ. వాంకూవర్ అరల్లో మాత్రం గొప్పదొకటి దొరకాలని ఎవరూ పందెం కట్టలేదు.

వారపత్రికకి కథతోపాటు తిరుగు టపాకి స్టాంపులంటించిన కవరూ పంపి, ఆ కవరే ఇంటికొస్తే గుమ్మంలో గుర్తుపట్టినవాళ్లు మన ఊళ్లలోనూ ఉన్నారు. ఆ కథలింకా ఏ ట్రంకుపెట్టె అడుగునో, పెళ్లి ఆల్బం కింద ఉండే ఉంటాయి.