కెటిల్‌కి ఎంతసేపో, ఆవిడకీ అంతే

12 జనవరి 2025, ఆదివారం

పండక్కి హాస్టల్ ఖాళీ అయింది. నాకు సెలవు దొరకలేదు. మిగిలింది నేనూ, ఎదురు గదిలో నెల్లూరు పిల్లా.

రాత్రి శాంతాల్ అకర్‌మాన్ తీసిన ‘లా షాంబ్ర్’ సినిమా చూశాను. 1972, న్యూయార్క్, 11 నిమిషాలు. మాట లేదు, పాట లేదు, అసలు చప్పుడే లేదు. కెమెరా గది మధ్యలో నిలబడి మెల్లగా చుట్టూ తిరుగుతుంది. కుర్చీ, బల్ల, పొయ్యి మీద కెటిల్, సింకు, మంచం. మంచం మీద అకర్‌మానే, పాతికేళ్లు కూడా లేవు, మనవైపే చూస్తూ పడుకుని ఉంది. కెమెరా ఆగదు. కెటిల్‌ని ఎంతసేపు చూసిందో ఆవిడనీ అంతసేపే చూసి గోడ మీదికి వెళ్లిపోతుంది. మళ్లీ మంచం ఎప్పుడొస్తుందా అని కాచుక్కూర్చున్నాను. ఓసారి వచ్చేసరికి యాపిల్ తింటోంది. అంతే కథ!

13, భోగి

పొద్దున్నుంచీ అదే ధ్యాస. మూడేళ్ల తర్వాత, 1975లో, ఈవిడే ‘జాన్ డీల్‌మాన్’ తీసింది. బ్రస్సెల్స్‌లో ఒక గృహిణి బంగాళాదుంపల చెక్కు తీయడం, పక్క సర్దడం, ఇంకా చాలా, 201 నిమిషాలు. 2022లో ‘సైట్ అండ్ సౌండ్’ పత్రిక పెట్టిన విమర్శకుల ఓటింగ్‌లో అదే మొదటిది. రెండింటికీ కెమెరా బాబెట్ మాంగోల్ట్. నాకైతే చిన్నదే ఎక్కువ నచ్చింది.

మన సినిమాల్లో అమ్మాయి నిద్ర లేవాలంటే కర్టెన్ ఎగరాలి, జుట్టు మొహాన పడాలి, వెనక వీణ మోగాలి. పళ్లు తోముకున్న హీరోయిన్‌ని ఎప్పుడు చూశానో గుర్తు రావట్లేదు.

15, కనుమ

నేనూ తీశాను. చక్రాల కుర్చీకి ఫోన్‌ని చున్నీతో కట్టి, నెల్లూరు పిల్లని తిప్పమన్నాను. “ఏందక్కా, గోడనే చూపిస్తా ఉండావు?” అంటూనే తిప్పింది.

చూసుకుంటే సిగ్గేసింది. కెమెరా నా దగ్గరికొచ్చిన ప్రతిసారీ టీ గ్లాసు సరిగ్గా అప్పుడే పెదాల దాకా లేస్తోంది. గ్లాసులో టీ ఎప్పుడో అయిపోయింది. బక్కెట్టూ, తాడు మీద తువ్వాలూ నాకంటే బాగా చేశాయి.

చివర్లో, ఆపేసిందనుకుని, దువ్వెన వెనక్కి తిప్పి వీపు గోక్కుంటున్నాను. పనికొచ్చేది ఆ ముక్కొక్కటే.

రేపు మళ్లీ తీయాలి. ఫోన్లో జాగా లేక అక్క పెళ్లి వీడియో తీసేశాను.