సగము చదివిన చీటి

మా తండ్రిగారి గుండెలో గడియారమున్నదని మా పిల్లలు నమ్ముతారు. రాత్రివేళ కరెంటు పోయి ఫ్యాను ఆగినప్పుడు, ఆయన పడుకున్న గదిలో టిక్కు టిక్కుమను సన్నని శబ్దము స్పష్టముగా వినిపిస్తుంది. అది గడియారము కాదు. 2009లో హైదరాబాదులో శస్త్రచికిత్స చేసి అమర్చిన కృత్రిమ కవాటము. చిన్ననాడు వచ్చిన కీళ్ళవాతపు జ్వరము ఆయన గుండెలోని మిట్రల్ కవాటమును క్రమముగా పాడుచేసినది. దానిని తొలగించి వైద్యులు దీనిని పెట్టారు.

ఆనాటి నుండి ఆయన ప్రతిరాత్రి ఇషా నమాజు ముగించి వార్ఫరిన్ అను మాత్ర వేసుకొంటున్నారు. శరీరము తనది కాని వస్తువును తాకిన రక్తమును గడ్డకట్టించుటకు చూస్తుంది. ఆ గడ్డ కవాటపు రెక్కల నడుమ చిక్కుకొంటే గుండె నడక ఆగవచ్చును. తెగి మెదడునకు పోతే పక్షవాతము రావచ్చును. ఈ రెండింటినీ అడ్డుకొనునది ఆ చిన్న మాత్ర.

ఆ మాత్రకు ఒక చరిత్ర ఉన్నది. ఉత్తర అమెరికాలో 1920 ప్రాంతములలో, బూజు పట్టిన స్వీట్ క్లోవర్ గడ్డి మేసిన పశువులు చిన్న గాయమునకే రక్తము ఆగక చనిపోయేవి. 1933లో విస్కాన్సిన్ రైతు ఒకరు గడ్డకట్టని రక్తమును పాలడబ్బాలో పోసికొని, మంచులో ప్రయాణము చేసి, కార్ల్ లింక్ అను శాస్త్రజ్ఞుని ప్రయోగశాలకు తెచ్చాడు. అక్కడ మొదలైన పరిశోధన నుండి పుట్టినదే వార్ఫరిన్. 1948లో అది ఎలుకల మందుగా బజారుకు వచ్చినది. 1954లో మనుష్యులకు ఔషధమైనది. మరుసటి సంవత్సరము గుండెపోటు వచ్చిన అమెరికా అధ్యక్షుడు ఐసెన్‌హోవరునకు దానినే ఇచ్చారు. ఎలుకల మందు సంగతి మా తండ్రిగారికి చెప్పక పోవలసినది. చెప్పినాము. అప్పటి నుండి మాత్ర వేసుకొనునప్పుడెల్లా మా వైపు ఒక చూపు చూస్తారు.

లోకములో దీనిని 'రక్తము పలుచన చేయు మాత్ర' అంటారు. ఉర్దూలోను అదే మాట, 'ఖూన్ పత్లా కర్నే కీ గోలీ'. భాష బోధించువారము గావున ఈ మాటను గురించి ఒక ఫిర్యాదు చేయకుండ ఉండలేము. ఆ మందు రక్తమును పాలలో నీళ్ళు కలిపినట్లు పలుచన చేయదు. రక్తము గడ్డకట్టుటకు కావలసిన కొన్ని పదార్థములను కాలేయము విటమిన్ 'కె' సాయముతో తయారుచేస్తుంది. ఆ తయారీకి ఈ మందు అడ్డుపడుతుంది, అంతే. కాని 'పలుచన' అను మాట విన్న మనిషికి నీరసము గుర్తుకు వస్తుంది. తమ బలమంతా ఈ మాత్ర తినివేస్తున్నదని మా తండ్రిగారి గట్టి నమ్మకము. గత సంవత్సరము ఎవరో దానిని ఆపమన్నప్పుడు ఆయన మారు మాటాడక ఒప్పుకొనుటకు కారణము ఇదే.

జరిగినది చెప్తాము. ఆయనకు కొంతకాలముగా కడుపులో మంట, ఆకలి మందగించుట. రక్తపరీక్ష చేయిస్తే హిమోగ్లోబిను తగ్గినది. కర్నూలులో ఒక జీర్ణకోశ వైద్యుడు, గొంతు గుండా గొట్టము పంపి జీర్ణాశయమును చూచు ఎండోస్కోపీ పరీక్ష వ్రాసి తేదీ ఇచ్చారు. బయట బల్ల వద్ద కూర్చున్న ఉద్యోగి ఇంగ్లీషులో అచ్చువేసిన చీటి ఒకటి చేతికిచ్చి రెండు పంక్తులకు పెన్నుతో గుర్తు పెట్టాడు. ఆరు గంటలు ఏమియు తినరాదని ఒకటి. రక్తము పలుచన చేయు మందులు ఐదు దినములు ముందుగా నిలిపివేయవలెనని రెండవది. మా తండ్రిగారికి ఇంగ్లీషు రాదు. మేము ఆ రెండు పంక్తులను అక్కడి బెంచీ మీదనే చక్కని ఉర్దూలో చదివి వినిపించాము. నెల పొడుగునా రోజా ఉండువానికి ఆరు గంటలు ఒక లెక్కా అని ఆయన నవ్వారు. ఆ రాత్రి నుండి వార్ఫరిన్ ఆపివేశారు.

గుర్తు పెట్టిన పంక్తి కింద, చిన్న అక్షరములలో, ఆ వాక్యమునకే చెందిన రెండవ సగమున్నది: 'మీ గుండె వైద్యుని సంప్రదించిన తరువాత మాత్రమే.' విద్యార్థులకు పన్నెండు సంవత్సరములుగా అసమాపక క్రియలు బోధిస్తున్న మేము ఆ వాక్యమును పూర్తిగా చదువలేదు. గుర్తు పెట్టినవానిది కొంత పొరపాటు, చదివిన మాది అంతకంటె పెద్ద పొరపాటు.

ఎండోస్కోపీకి ముందు మరల రక్తపరీక్ష కావలెనన్నారు గావున మూడవ దినమున పరీక్షశాలకు వెళ్ళాము. అక్కడ రక్తము తీయు యువకుడు మా కళాశాలలో చదివినవాడే. చీటి చూచి, మాత్ర ఎప్పుడు వేసుకొన్నారని అడిగి, సూది పక్కన పెట్టి నిలబడిపోయాడు.

“సార్, పెద్దాయనకు పెట్టినది మెకానికల్ వాల్వు కదా. మాత్ర ఆపమని గుండె డాక్టరుగారు చెప్పినారా?”

మా వద్ద జవాబు లేదు. రక్తము గడ్డకట్టు వేగమును ఐ.ఎన్.ఆర్. అను అంకెతో కొలుస్తారు. మందు లేని ఆరోగ్యవంతునికి అది సుమారు 1. మా తండ్రిగారికి రెండున్నర, మూడున్నరల నడుమ ఉండవలెను. ఆ ఉదయము 1.7 వచ్చినది.

హైదరాబాదులోని గుండె వైద్యునికి ఫోను చేశాము. ఆయన మందలించలేదు. “ఊరికే చూడడానికా, ఏమైనా కోయడానికా?” అని ఒక్క ప్రశ్న అడిగారు. ఆ ప్రశ్నలోనే విషయమంతా ఉన్నదని తరువాత తెలిసినది. జీర్ణాశయమును చూచుటకు, అనుమానమున్నచోట చిటికెడు కండ తీయుటకు వార్ఫరిన్ ఆపనక్కరలేదు. ఆ వారములో ఐ.ఎన్.ఆర్. చూచి, హద్దు మించలేదని నిశ్చయించుకొంటే చాలును. అక్కడ రక్తము కారితే ఆ గొట్టముతోనే చూచి ఆపవచ్చును. మెదడులో చిక్కుకొన్న గడ్డను అంత సులభముగా తీయలేరు. పెద్దప్రేగులోని పిలకను కోయుట, పైత్యరసనాళపు ద్వారమును కోసి వెడల్పు చేయుట, ఇరుకైన అన్నవాహికను సాగదీయుట వంటివి వేరు. వాటికి వార్ఫరినును ఐదు దినములు ముందు ఆపవలసినదే. అప్పుడు కూడ మిట్రల్ స్థానములో కృత్రిమ కవాటమున్నవారిని ఊరక వదలరు. నడుమ దినములలో హెపారిన్ జాతి ఇంజక్షన్లు ఇచ్చి, చివరి సూదిని పరీక్షకు ఒక దినము ముందే ముగించి, ఐ.ఎన్.ఆర్. ఒకటిన్నరకు దిగినదని చూచి, అంతా సవ్యముగా ఉంటే ఆ రాత్రే వార్ఫరిన్ మరల మొదలుపెడతారు. మా తండ్రిగారికి చేయవలసినది మొదటి రకము. మేము చేసినది రెండవ రకములో సగము.

గుండె వైద్యుడు జీర్ణకోశ వైద్యునితో ఫోనులో స్వయముగా మాట్లాడారు. ఆ మాటలు పది నిమిషములైనా పట్టలేదు. పరీక్ష వాయిదా పడినది. వార్ఫరిన్ ఆ రాత్రే మొదలైనది. కాని అది పూర్తిగా పనిచేయుటకు, ఒంటిలో ముందే తయారై యున్న పదార్థములు ఖర్చు కావలెను. అంతవరకు పూటకొక ఇంజక్షను చొప్పున దినమునకు రెండు, బొడ్డు పక్కన చర్మము కింద. మా చెల్లెలు రెండవ దినమునకే ఆ విద్య నేర్చుకొన్నది. మేము సిరంజి పట్టుకొనుటకు కూడ ధైర్యము చేయలేదు.

కవాటముపై గడ్డ పేరుకొంటే ఆ టిక్కు టిక్కు శబ్దము మొద్దుబారవచ్చునని, ఎప్పుడూ వినబడునది వినబడకపోతే క్షణము ఆలస్యము చేయక తీసికొని రమ్మని గుండె వైద్యుడు చెప్పారు. ఆ వారము రోజులు రాత్రి ఫ్యాను కట్టి, ఆయన గది గడపలో చాప వేసికొని పడుకున్నాము. దోమల వలన నిద్ర పట్టుట లేదని ఆయన విసుగుకొన్నారు. ఫ్యాను ఎందుకు కట్టినామో చెప్పలేదు. అమ్మీకి తెలుసు, ఆమె కూడ గోడకు చేరగిలి తస్బీహ్ తిప్పుతూ మెలకువగానే ఉండేది. ఒక్కొక్కప్పుడు శబ్దము తగ్గినట్లు తోచి, లేచి, ఆయన రొమ్మున చెవి ఆనించి వినవలసి వచ్చేది. నలుబదికి దగ్గరవుతున్న కొడుకు అర్ధరాత్రి ఎందుకు కౌగిలించుకొంటున్నాడో తెలియక ఆయన మా తల నిమిరారు. ఎనిమిదవ దినమునకు ఐ.ఎన్.ఆర్. 2.6కు చేరినది, మరునాడు కూడ తగ్గలేదని చూచి ఇంజక్షన్లు ఆపారు.

ఈ అనుభవము తరువాత కనబడిన వారినెల్లా వారి మందు పేరు అడుగు అలవాటు మాకు పట్టుకొన్నది. మా సహోద్యోగి ఒకరికి గుండె రక్తనాళములో స్టెంటు వేసి నాలుగు నెలలే అయినది. పెద్దప్రేగులో పిలక కనిపించి, తీయించుకొనుటకు తాను వాడుచున్న రెండు మాత్రలు, ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్, ఆపవచ్చునా అని మమ్ము అడిగారు. మమ్ము అడుగవద్దన్నాము. ఆ మాత్రల పని వేరు. అవి రక్తములోని ప్లేట్‌లెట్లు ఒకదానికొకటి అంటుకొనకుండ చేస్తాయి. వాటిని ఆపితే కొత్త స్టెంటు మూసుకొనవచ్చును. వైద్యులిరువురు మాట్లాడుకొని, పిలక వలన తొందర లేదని తేల్చి, స్టెంటు గడువు తీరువరకు కోత వాయిదా వేశారు. ఆ తరువాత కూడ క్లోపిడోగ్రెల్ మాత్రమే కొన్ని దినములు ఆపుతారట, ఆస్పిరిన్ సాగవలసినదే.

అపిక్సాబాన్, డాబిగట్రాన్ వంటి కొత్త మందుల లెక్క ఇంకొక విధము. అవి ఒంటిలో ఎక్కువ కాలము నిలువవు. 2021లో బ్రిటిషు, ఐరోపా జీర్ణకోశ వైద్యసంఘములు కలిసి సవరించిన మార్గదర్శకముల ప్రకారము, కేవలము చూచు పరీక్షకు ఆ ఉదయపు మోతాదు మానితే చాలును. కోత ఉంటే చివరి మోతాదు మూడు దినములు ముందు. డాబిగట్రాన్ వాడువారికి మూత్రపిండములు మందగిస్తే ఇంకను ముందు. అంత సౌకర్యమున్న మందు తనకు ఎందుకు ఇవ్వరని మా తండ్రిగారు అడిగారు. న్యాయమైన ప్రశ్నయే. కృత్రిమ కవాటమున్నవారికి డాబిగట్రాన్ ఇచ్చి చూచిన పరిశోధనలో గడ్డలు, రక్తస్రావము రెండూ వార్ఫరిన్ కంటె ఎక్కువ కాగా దానిని నడుమనే ఆపివేశారు. ఆ ఫలితములు 2013లో వెలువడినవి. ఆయనకు ఎలుకల మందే గతి అన్నాము.

చివరకు వార్ఫరిన్ ఆపకుండగనే ఎండోస్కోపీ జరిగినది. గొంతులో మందు చల్లి, పది నిమిషములలో ముగించారు. రెండుచోట్ల చిటికెడు కండ తీశారు. చెప్పుకోదగిన రక్తము రాలేదు. జీర్ణాశయములో చిన్న పుండు, దానికి కారణమైన హెలికోబాక్టర్ అను సూక్ష్మజీవి బయటపడినవి. రెండు వారములకు మందులు వ్రాశారు. ఆ చీటి చేతికి రాగానే లోపలికి తిరిగి వెళ్ళి, “ఇవి వార్ఫరిన్‌తో పడతాయా?” అని అడిగాము. వైద్యుడు చీటిని మరల చూచి, అందులోని క్లారిత్రోమైసిన్, మెట్రోనిడజోల్ రెండూ వార్ఫరిన్ బలమును పెంచునవని చెప్పి, నాలుగవ దినమున ఐ.ఎన్.ఆర్. చూపించుకొమ్మని తన చేతితో వ్రాశారు. ఆ దినమున 4.1 వచ్చినది. ఒక రాత్రి మాత్ర మానిపించి, ఆపై మోతాదు తగ్గించారు.

ఇప్పుడు మా తండ్రిగారి జేబులో ఒక వైపు ఉర్దూలో, ఒక వైపు తెలుగులో మేము వ్రాసిన అట్టముక్క ఉంటుంది: కవాటము పేరు, పెట్టిన సంవత్సరము, మాత్ర పేరు, గుండె వైద్యుని ఫోను నెంబరు. ఏ కాగితము చదివి వినిపించినా, అది కరెంటు బిల్లు కానీ, పెండ్లిపిలుపు కానీ, ఆయన కండ్లద్దాలు సవరించుకొని మా వైపు తిరుగుతారు. “పూరా పఢో బేటా, ఆధా నక్కో.”