స్టే అన్న ఒక్క మాట

పోలీసుల దర్యాప్తులో కోర్టులు ఎంతవరకూ జోక్యం చేసుకోవచ్చు? చట్టం చదివినవాళ్ళకి ఇదొక సూత్రం. స్టేషన్ బెంచీ మీద గంటల తరబడి కూర్చున్న ఆడవాళ్ళకి బతుకు సమస్య. 1978లో హైదరాబాదులో పోలీసుల చేతిలో రమీజాబీకి ఏం జరిగిందో తెలిసిన తరం మాది. దర్యాప్తంతా పోలీసులకే వదిలెయ్యమని నేను అనలేను.

కానీ ఒకప్పటి నా విద్యార్థిని వెంట 2019లో స్టేషన్ చుట్టూ తిరిగిన ఆరు నెలలు నాకు రెండోవైపు కూడా చూపించాయి. అదనపు కట్నం కోసం కొడుతున్నారని ఆమె 498ఎ కింద ఫిర్యాదు చేసింది. ఎఫ్.ఐ.ఆర్. అయింది. మూడో వారంలోనే అత్తింటివాళ్ళు దాన్ని కొట్టెయ్యమని హైకోర్టుకి వెళ్ళారు. కోర్టు కొట్టెయ్యలేదు గానీ, తదుపరి ఉత్తర్వుల వరకూ బలవంతపు చర్యలు తీసుకోవద్దంది. మర్నాడు మేం వెళ్తే, "స్టే వచ్చిందమ్మా, ఇంక మా చేతుల్లో ఏం లేదు" అన్నారు.

ఆ కాగితం నేను రెండుసార్లు చదివాను. అందులో స్టే అన్న మాటే లేదు. పొరుగింటావిడ వాంగ్మూలం తీసుకుంటే, ఆస్పత్రి కాగితాలు తెప్పిస్తే అది ఎవరి మీద బలవంతం? అయినా అన్నీ ఆగిపోయాయి. ఈలోగా ఆమె కేకలు విన్న పైవాటావాళ్ళు ఇల్లు ఖాళీ చేసి వెళ్ళిపోయారు. "మేడమ్, నేను ఓడిపోయానా?" అని అడిగిందా పిల్ల. కేసు ఇంకా మొదలే కాలేదని ఎలా చెప్పను?

సుప్రీంకోర్టు ఈ విషయం చెప్పకపోలేదు. ఎఫ్.ఐ.ఆర్. కొట్టేసే అధికారాన్ని చాలా అరుదుగా వాడాలని 1990లో భజన్‌లాల్ కేసులో అంది. ఎఫ్.ఐ.ఆర్. కొట్టెయ్యడానికి నిరాకరిస్తూనే అరెస్టు చెయ్యొద్దన్న హైదరాబాదు హైకోర్టు ఉత్తర్వుని 2017లో హబీబ్ అబ్దుల్లా జీలానీ కేసులో తప్పుపట్టింది. 2021 ఏప్రిల్‌లో నీహారికా ఇన్‌ఫ్రాస్ట్రక్చర్ కేసులో మరింత వివరంగా చెప్పింది: బలవంతపు చర్యలు వద్దంటూ యాంత్రికంగా ఉత్తర్వులు ఇవ్వకూడదు, కారణాలు రాయాలి, ఆ మాటకి అర్థమేమిటో స్పష్టం చెయ్యాలి.

ఇవేవీ గృహహింస కేసులు కావు. 498ఎ దగ్గరకొచ్చేసరికి స్వరం మారుతుంది. కుటుంబ సంక్షేమ కమిటీ నివేదిక వచ్చేదాకా మామూలుగా అరెస్టు చెయ్యకూడదని 2017లో రాజేష్ శర్మ తీర్పు చెప్పింది. 2018లో సుప్రీంకోర్టే ఆ కమిటీలను తీసేసింది. 2025 జూలైలో అలహాబాదు హైకోర్టు మార్గదర్శకాలను ఆమోదించడంతో అవే కమిటీలు, వాటితో పాటు రెండు నెలల విరామం తిరిగొచ్చాయి. అరెస్టుకి తొందరపడొద్దన్న 2014 నాటి అర్నేష్ కుమార్ తీర్పుతో నాకు పేచీ లేదు. అరెస్టు ఆగడం వేరు, సాక్ష్యం సేకరించడం ఆగడం వేరు. ఆచరణలో ఆ రెండింటి మధ్యా గీత చెరిగిపోతోంది.

మరి పోలీసులు కదలడం లేదని ఆమే హైకోర్టుకి వెళ్తే? ముందు ఎస్.పి. దగ్గరకి, ఆ తర్వాత మేజిస్ట్రేటు దగ్గరకి వెళ్ళమంటుంది 2007 నాటి సాకిరి వాసు తీర్పు. మేజిస్ట్రేటు దర్యాప్తుని పర్యవేక్షించవచ్చు కూడా. సబబైన మాటే. కానీ నిందితుడు నేరుగా పైమెట్టుకి వెళ్తాడు. ఫిర్యాదు చేసినామె ఒక్కో మెట్టూ ఎక్కాలి. ప్రతి మెట్టు దగ్గరా వకీలు ఫీజు, పనికి సెలవు, పిల్లల్ని ఎవరికో అప్పజెప్పడం. జోక్యం చేసుకోకపోవడం అనే ఒకే నియమం ఇద్దరికీ ఒకేలా పనిచెయ్యదు.

కోర్టులు పోలీసుల్ని అదుపులో పెట్టాల్సిందే. అయితే అలాంటి ప్రతి ఉత్తర్వులోనూ ఇంకొక్క వాక్యం రాయమని మనం గట్టిగా అడగాలి: దర్యాప్తు కొనసాగుతుంది, ఫలానా తేదీలోగా పూర్తి కావాలి అని. ఆ వాక్యం లేని చోటును స్టేషన్ తనకి తోచిన మాటతో నింపుకుంటోంది.