రోజుకి పది నిమిషాలు

మా ఇంటి ముందు ఓ సంపెంగ చెట్టుంది. గృహప్రవేశానికి వచ్చినప్పుడు నాన్న కడియం నర్సరీ నుంచి తెప్పించి నాటిన మొక్క. ఆ మరుసటేడే ఆయన పోయారు. మొన్న చలికాలంలో ఆ చెట్టుని దాదాపు చంపినంత పని చేశాను. ఆ సంగతే ఇది.

నవంబర్లో అమ్మ మరదలి పురుడికని తమ్ముడి దగ్గరికి డాలస్ వెళ్ళింది, ఆర్నెల్లకి. వెళ్ళేముందు మొక్కల గురించి బోలెడు జాగ్రత్తలు చెప్పింది. ఆవిడ చెబుతూనే ఉంది, నేను ఆన్‌లైన్లో టైమర్ల రేటింగులు చదువుతూనే ఉన్నాను. ఇరవయ్యేళ్ళుగా ప్రోగ్రాములు రాస్తున్నవాడికి ఆరు మొక్కలకి నీళ్ళు పెట్టడం ఓ లెక్కా! ఒక్కో మొక్క మొదట్లో ఓ డ్రిప్పర్, రోజూ పొద్దున పది నిమిషాలు. నాన్న చెట్టు కదా అని సంపెంగకి మాత్రం సాయంత్రాలు అదనంగా పైపు పెట్టేవాణ్ణి.

సంక్రాంతి వచ్చేసరికి సంపెంగ ఆకులు పసుపెక్కి వేలాడ్డం మొదలైంది. వాడిందంటే దాహమనేగా? పైపు ఇంకో పావుగంట ఎక్కువ పెట్టా. ఇంకా వాడింది. ఇంకా పెట్టా. సర్వర్ స్లో అయితే లాగ్ చూడకుండా రీస్టార్ట్ మీద రీస్టార్ట్ కొట్టే జూనియర్లని ఎన్నిసార్లు తిట్టుంటానో!

వీడియో కాల్లో అమ్మ "సంపెంగ చూపించరా" అంటే మూడు వారాలు తప్పించుకున్నా. చీకటి పడిందనో, ఆఫీసు కాల్ ఉందనో. చివరికి మా అమ్మాయి ఫోన్ పట్టుకెళ్ళి చూపించేసింది. అమ్మ కాసేపు ఏం మాట్లాడలేదు. తిడుతుందనుకున్నా.

"ఆకు పట్టుకు చూడు. గరగరలాడుతోందా, మెత్తగా ఉందా?" అంది.

మెత్తగానే ఉంది.

"అయితే దాహం కాదు నాన్నా. జానెడు లోతు తవ్వి చూడు."

తవ్వాను. కింద జిగట బురద, మురిక్కాలవ వాసన. ఇల్లు కట్టినప్పుడు ఎక్కణ్ణుంచో తెచ్చి నింపిన నల్లమట్టి అది, నీళ్ళు ఓ పట్టాన దిగవు. వేళ్ళకి నీళ్ళెంత అవసరమో గాలీ అంతే అవసరం. మట్టిలో ఖాళీలన్నీ నీళ్ళతో నిండిపోతే వేళ్ళకి ఆక్సిజన్ అందక కుళ్ళిపోతాయి. కుళ్ళిన వేరు నీళ్ళు పీల్చలేదు. అంటే చెట్టు నీళ్ళలో నిలబడే దాహంతో వాడిపోతోంది. నేనేమో ఇంకా పోస్తున్నా!

ఆ రాత్రి కూచుని మిగతావాటి లెక్క తీశా. డ్రిప్పర్ గంటకి 4 లీటర్లది. పది నిమిషాలకి ముప్పావు లీటరు కూడా రాదు. నడుమెత్తు మందారాలకి అదేం సరిపోతుంది? పైన అంగుళం తడిసేది, మధ్యాహ్నానికి ఆరిపోయేది. తడి పైపైనే ఉంటే వేళ్ళూ పైపైనే ఉండిపోతాయి. మొగ్గలు రాలిపోయింది అందుకే. పైగా డ్రిప్పర్లని కాండానికి ఆనించి పెట్టా. నీళ్ళు తాగే సన్నవేళ్ళు చాలావరకు కొమ్మల అంచు కింద, ఆ చుట్టుపక్కలా ఉంటాయి. ఇక మల్లెపొదకి చలికాలంలో నీళ్ళు తగ్గించి, కత్తిరించి, ఆ తర్వాత తడిపితేనే ఎండాకాలం విరగబూస్తుంది. అమ్మ ఈ మాట చెప్పే వెళ్ళింది, నేను రేటింగులు చదువుతున్నప్పుడు. కాగితప్పూల తీగనీ కాస్త ఎండగట్టాలి. రోజూ తడిపితే ఆకులు మాత్రం బ్రహ్మాండంగా వచ్చాయి.

అన్నిటికీ ఒకే సెట్టింగు. అదీ నా తెలివి.

సంపెంగకి నీళ్ళాపేసి, పక్కన చిన్న కాలవ తీశా. ఎండిన రెండు కొమ్మలు కొట్టేయాల్సొచ్చింది. టైమర్ అట్టపెట్టెలోకి పోయింది. ఇప్పుడు కొమ్మల అంచుదాకా పాదులు చేసి, వేలు రెండంగుళాలు మట్టిలో గుచ్చి చూస్తా. తడి తగిలితే పోయను. పొడిగా ఉంటే పొద్దున్నే పాదు నిండా, నిదానంగా, లోపలికి ఇంకేదాకా పెడతా. మామూలుగా వారానికి ఒకటి రెండుసార్లు, మే నెలలో ఇంకాస్త తరచుగా, వానలు పడుతుంటే అసలే లేదు. తడి ఆరకుండా పైన ఎండుటాకులు పరుస్తా, కాండానికి తగలకుండా. కుండీల సంగతి వేరు, ఎండాకాలం వాటికి రోజూ కావాల్సిందే.

మేలో అమ్మ వచ్చింది. చెట్టు చుట్టూ ఓసారి తిరిగి, కొమ్మ కొట్టేసిన చోట చెయ్యి పెట్టి, "బతుకుద్దిలే" అంది. వానలకి చిగురేసింది. పువ్వు మాత్రం ఈ ఏడు ఒక్కటీ పూయలేదు. నాన్న ఫోటో ముందు ఎప్పుడూ ఆ పువ్వులే పెట్టేది అమ్మ. ఈసారి తద్దినానికి బజార్నుంచి చామంతులు తెచ్చా. ఆవిడేం అనలేదు.

మీ ఇంట్లో టైమరుంటే ఉండనివ్వండి, దాని తప్పేం లేదు. వారానికోసారైనా వేలు పెట్టి చూడండి, అంతే.