యంత్రమునకు దుబాసి

సంస్కృతము చదివి, ఇంగ్లీషు చదివి, ఇరువది సంవత్సరములుగా ఉన్నతపాఠశాలలో పిల్లలకు వ్యాకరణము చెప్పుకొనుచున్న వానికి కంపైలరు గ్రంథములతో నేమి పని యని మిత్రులు కొందఱు నన్నడుగుచున్నారు. ఆ గ్రంథములు పైకి యంత్రములను గూర్చినవిగా కనబడును గాని నిజమునకు భాషను గూర్చినవి. అంతకంటె ముఖ్యముగా, కొలదిమంది చేతిలోని విద్య పదిమంది సొత్తగుట యెట్లో తెలుపునవి. ఈ రెండు విషయములును బడిపంతులునకు పరాయివి కావు.

కంప్యూటరునకు తెలిసినది సున్నలు, ఒకట్లతో కూడిన అంకెల భాష యొక్కటియే. మనుష్యుడు తనకు సుకరమైన భాషలో వ్రాసిన ప్రోగ్రామును ఆ అంకెల భాషలోనికి మార్చునట్టి మఱియొక ప్రోగ్రామే కంపైలరు. కంపెనీవారి కాలమున చెన్నపట్టణములో దొరలకును దేశీయవర్తకులకును నడుమ దుబాసి యుండెడివాడు. ఒకరి మాట యొకరికి తెలియదు. దుబాసి చెప్పినదే యిరువురకును వేదము. యంత్రముయొక్క దుబాసులు రెండు తెఱగులు. వాక్యము వెంట వాక్యము విని అప్పటికప్పుడు పని చేయించునది ఇంటర్‌ప్రెటరు. గ్రంథమంతయు ముందుగా చదివి, తప్పులెన్ని, మొత్తమును అనువదించి యిచ్చునది కంపైలరు. మనము నిత్యము వాడు సెల్‌ఫోను వెనుకను, బ్యాంకు లెక్కల వెనుకను, రైలు టిక్కెట్టు వెనుకను ఈ దుబాసులే యున్నారు. దుబాసి యేమి చెప్పుచున్నాడో యెఱుగని యజమాని పేరునకు మాత్రమే యజమాని.

ఈ దుబాసి పని చేయు తీరు మా తరగతిగదికి మిక్కిలి సమీపమైనది. శ్లోకము చెప్పునపుడు మేము మొదట పదచ్ఛేదము, పిమ్మట అన్వయము, ఆ పిమ్మట తాత్పర్యము చెప్పుదుము. కంపైలరును అట్లే మొదట అక్షరముల వరుసను పదములుగా విడదీయును. ఆ పదములు వ్యాకరణమునకు లోబడి యెట్లు కూడినవో చూచి వాక్యమును కొమ్మలు రెమ్మలు గల వృక్షముగా నమర్చును. 5 + 3 × 2 అని వ్రాసినచో ఫలము 11 గాని 16 కాదని నిర్ణయించునది ఈ వృక్షమే. పిమ్మట అర్థసంగతి కలదా యని పరీక్షించును. సంఖ్యనుండి మనిషి పేరును తీసివేయుమని వ్రాసినచో నిచ్చట పట్టుబడును. అవల వ్యర్థమైన పనిని తొలగించి, తుదకు యంత్రభాషలో వ్రాయును.

అన్వయము తేలికయని యెవరేని తలంచినచో వారికొక వాక్యము నిచ్చెదను. “వాన కురిసినచో, గొడుగున్నచో బయలుదేఱుము, లేనిచో ఇంట నుండుము.” ఏది లేనిచో? వానయా, గొడుగా? వాన లేనిచో నని యర్థము చెప్పినచో వేసవికాలమంతయు నిల్లు కదలరాదు. మనము లోకానుభవముచేత గొడుగని గ్రహింతుము. యంత్రమునకు లోకానుభవము లేదు. సి, పాస్కల్ మొదలగు భాషలలో ఈ చిక్కే యున్నది. ‘లేనిచో’ అనునది తనకు సమీపమున నున్న ‘ఉన్నచో’తోనే చేరవలెనని నియమము చేసి దానిని పరిహరించిరి. నేనీ వాక్యమును నల్లబల్లమీద వ్రాసిన దినమున తరగతి రెండు పక్షములుగా చీలి గంట కొట్టువఱకు వాదించుకొనెను. వ్యాకరణపాఠమున నా పిల్లల కంతటి పట్టుదల అంతకుముందు నేను చూచియుండలేదు.

ఇక ఈ విద్య చరిత్రము చూడుడు. 1954లో అమెరికాలోని ఐ.బి.యం. సంస్థయందు జాన్ బాకస్ నాయకత్వమున కొందఱు ఫోర్‌ట్రాన్ అను భాషకు కంపైలరును నిర్మింప బూనిరి. మనుష్యుడు చేతితో వ్రాసినంత చురుకైన యంత్రభాషను ప్రోగ్రాము వ్రాయజాలదని నాటి నిపుణులనేకులు శంకించిరి. 1957లో పని ముగిసినది, శంకయు తీఱినది. అందులకు పట్టిన శ్రమ ఒక్క మనిషి చేసినచో 18 సంవత్సరములకు సమానమని లెక్క. నేడు ఇంజనీరింగు కళాశాలలో చదువు విద్యార్థి చిన్నపాటి కంపైలరును ఆఱు నెలల పాఠ్యక్రమములో వ్రాసి చూపుచున్నాడు. ఈ విద్యార్థి బాకస్‌కంటె మేధావి యా? కాదు. నడుమ గ్రంథములు వచ్చినవి.

1960లో పీటర్ నౌర్ సంపాదకత్వమున వెలువడిన ఆల్గోల్ భాషా నివేదిక, ఒక భాషకు వ్యాకరణమును చిన్న సూత్రములలో నెట్లు చెప్పవచ్చునో లోకమునకు చూపినది. 1965లో డోనాల్డ్ నూత్ వాక్యమును ఎడమనుండి కుడికి ఒక్కసారి చదువుచు వృక్షమును కట్టు పద్ధతిని నిరూపించెను. 1975 నాటికి స్టీఫెన్ జాన్సన్ యాక్ అను సాధనమును సిద్ధపఱచెను; దానికి వ్యాకరణము నిచ్చినచో అన్వయము చేయు భాగమును అదియే వ్రాసిపెట్టును. చెదరియున్న యిట్టి విద్యనంతటిని కూర్చి 1977లో ఆల్ఫ్రెడ్ ఆహో, జెఫ్రీ ఉల్‌మన్ అనువారొక గ్రంథము వ్రాసిరి. దాని యట్టమీద ఆకుపచ్చని డ్రాగనును, దానిపై దండెత్తు వీరుడును. 1986లో మన కాన్పూరు ఐ.ఐ.టి.లో చదివిన రవి సేథి వారితో కూడగా ఎఱ్ఱడ్రాగను గ్రంథమును, 2006లో మోనికా లామ్ కూడగా ఊదాడ్రాగను గ్రంథమును వచ్చినవి. ఆ రక్కసి పేరు సంక్లిష్టత. వీరుని యాయుధములకు ఈ శాస్త్రములోని ఉపాయముల పేర్లు. ఆహో, ఉల్‌మన్‌లకు 2020వ సంవత్సరపు ట్యూరింగ్ పురస్కారము లభించినపుడు, వారి పరిశోధనతోపాటు, తమ ఫలితములను ఇతరుల ఫలితములను సమన్వయించి గ్రంథస్థము చేయుటయు పురస్కారకారణముగా పేర్కొనబడినది. పాఠ్యగ్రంథము వ్రాయుట పరిశోధనకంటె తక్కువ పని యని తలంచువారు ఈ మాటను జ్ఞాపకముంచుకొనవలెను.

గ్రంథము పెద్దదైనంత మాత్రమున చాలదు. నూత్ మహాశయుని 1962లో ఒక ప్రచురణసంస్థ కంపైలరులమీద పుస్తకము వ్రాయుమని కోరెను. ఆయన మూలమునుండి చెప్పబూనెను. మొదటి సంపుటము 1968లో వచ్చినది. నాలుగవ సంపుటములోని రెండవ భాగము 2022లో వచ్చినది. కంపైలరుల సంపుటము ఇంకను రాలేదు. ఆ తపస్సునకు నమస్కారము. కాని వేచియున్న విద్యార్థికి చిన్న పుస్తకము కావలెను. నిక్లౌస్ విర్త్ 1996లో కొలది పుటలలోనే కంపైలరు నిర్మాణమును బోధించిన పుస్తకము నిచ్చెను. 2021లో రాబర్ట్ నిస్ట్రమ్ ప్రకటించిన గ్రంథమున ఒకే చిన్న భాష రెండుమాఱులు నిర్మింపబడినది. అందలి ప్రతి పంక్తియు వివరింపబడినది. చదువగోరువారికి అది యుచితముగా లభించుచున్నది. నేను మొదలు పెట్టినది ఈ చిన్న పుస్తకములతోనే.

ఈ చదువువలన నాకు కలిగిన మఱియొక లాభమును చెప్పెదను. కొంతకాలము క్రిందట నొక సభలో నొక వక్త, “కంప్యూటరునకు సంస్కృతమే సర్వోత్తమమైన భాష యని అమెరికా శాస్త్రజ్ఞులే యొప్పుకొనిరి” అని గర్జించెను. సభ చప్పట్లతో మాఱుమ్రోగినది. నేను లేచి, ఏ కంప్యూటరు, ఏ ప్రోగ్రాము అని రెండే ప్రశ్నలడిగితిని. కాలాతీతమైనదని అధ్యక్షులు సభను ముగించిరి. నిజమేమనగా, నాసాకు సంబంధించిన పరిశోధనకేంద్రములో పనిచేసిన రిక్ బ్రిగ్స్ 1985లో నొక వ్యాసము వ్రాసెను. సంస్కృతశాస్త్రకారులు వాక్యార్థమును విడమర్చిన తీరు, కృత్రిమమేధ పరిశోధకులు జ్ఞానమును నిరూపించు తీరును పోలియున్నదని దాని సారము. యంత్రములు సంస్కృతమున నడచుచున్నవని ఆ వ్యాసము చెప్పలేదు.

పాణిని గొప్పతనమునకు కల్పన అక్కఱలేదు. 1967లో పీటర్ ఇంగర్‌మన్ ఒక శాస్త్రపత్రికకు లేఖ వ్రాసి, బాకస్ పేర పిలువబడుచున్న వ్యాకరణలేఖనపద్ధతికి పాణిని పేరును చేర్పవలెనని సూచించెను. దాదాపు 4,000 సూత్రములు, 14 శివసూత్రములనుండి పుట్టిన ప్రత్యాహారములు, అనుబంధముల సంజ్ఞలు, రెండు సూత్రములు తలపడినచో నేది నెగ్గవలెనను నియమము—వీనిని కంపైలరు గ్రంథము చదివినవాడు చూచినచో ఆశ్చర్యపడక యుండలేడు. భేదమును అతడే చూడగలడు. పాణిని వక్త తలంచిన యర్థమునుండి సాధుశబ్దమును నిష్పన్నము చేయును. కంపైలరు వ్రాసియున్న శబ్దమునుండి అర్థమును వెదకును. తెలిసి మెచ్చుకొనుట వేఱు, తెలియక ఉప్పొంగుట వేఱు. ఉప్పొంగిన సభలో ఒక్క సూత్రము పని చేయు విధమును నేర్చుకొని యింటికి పోయినవాడొక్కడును లేడు.

నేడు ప్రోగ్రాములను కృత్రిమమేధయే వ్రాసిపెట్టుచున్నది, ఇక ఈ చదువేల యని కొందఱందురు. దుబాసి కలడు గదా, భాష యేల యన్నట్లున్నది ఆ మాట. వ్రాసినది యెవరైనను, అది సరిగా నున్నదో లేదో తేల్చుకొనవలసిన భారము మనుష్యునిదే.

మా పాఠశాలలోని పిల్లలు తెలుగు మాధ్యమమువారు. కంప్యూటరునకు ఇంగ్లీషు వచ్చును, తమకు రాదు, కాబట్టి అది తమకు చేరనిదని వారి నిశ్చయము. ఈ నిశ్చయము కడుపేదల పిల్లలలో మఱింత గట్టిది. కంపైలరు గ్రంథము దీనిని మూడు పుటలలో ఖండించును. ఇఫ్, వైల్ అను మాటలు కంపైలరు పట్టికలోని కొన్ని గుర్తులు మాత్రమే. ఆ పట్టికను మార్చినచో వానికి బదులు ‘ఐనచో’, ‘అంతవఱకు’ అనియు నుండవచ్చును. 2008లో వెలువడిన మూడవ పైథాన్ నాటినుండి ఆ భాషలో సంఖ్యలకు మనము పెట్టుకొను పేర్లను తెలుగక్షరములతోనే వ్రాయవచ్చును. శనివారము సాయంకాలములందు కొందఱు పిల్లలతో కలసి ‘ఐనచో’, ‘లేనిచో’, ‘చూపుము’ అను మూడు మాటల చిన్న భాషను కాగితముమీద కట్టితిమి. పిమ్మట దానికి నా పాత కంప్యూటరులో ఇంటర్‌ప్రెటరును వ్రాసితిమి. తొమ్మిదవ తరగతి బాలిక యొకతె తెలుగులో వ్రాసిన లెక్కకు తెరమీద జవాబు రాగానే నావంక తిరిగి, “అయితే దీనికి ఇంగ్లీషు కూడా రాదన్నమాట, మాస్టారూ!” అనెను. అప్పటినుండి ఆ బాలిక కంప్యూటరు గదిలో వెనుక వరుసలో కూర్చుండుట మానినది.

ఇంగ్లీషు నేర్వవలదని నేననుట లేదు, తప్పక నేర్వవలెను. అది వచ్చువఱకు బుద్ధిని వాకిట నిలువబెట్టవలదని మాత్రమే నా మనవి. 1906లో విజ్ఞానచంద్రికా గ్రంథమండలి వెలసినపుడు, చరిత్రమును ప్రకృతిశాస్త్రములును తెలుగున చెప్ప శక్యము గాదనువారికి కొమఱ్ఱాజు లక్ష్మణరావు ప్రభృతులు వాదములతో గాక గ్రంథములతో బదులు చెప్పిరి. మనమును అట్లే చేయవలెను. మా పాఠశాల గ్రంథాలయమున కంపైలరును గూర్చిన తెలుగు పుస్తక మొక్కటియు లేదు. ఇన్నూఱు పుటలు చాలును. ఉదాహరణములు తెలుగు వాక్యములై యుండవలెను. తుదిపుట చేరునప్పటికి పిల్లవాడు తన దుబాసిని తానే కట్టుకొనగలుగవలెను. వాన, గొడుగుల వాక్యముతో మొదటి ప్రకరణమును నేను వ్రాసియుంచితిని. ఈ విద్య యెఱిగిన మన యువకులు దేశమునను విదేశములందును వేలకొలదిగా నున్నారు. వారిలో నలుగురు తక్కిన ప్రకరణములకు పూనుకొన్నచో, రాబోవు వేసవిసెలవుల నాటికి మా పిల్లల చేతిలో ఆ పుస్తకముండును.