ఎరాంగెల్ నుంచి గిద్దలూరు... వయా బొగద

పశ్చిమ ప్రకాశం అని ఓసారి సెర్చ్ చేసి చూడండి. మార్కాపురం పలకలు, కంభం చెరువు, వెలిగొండ ప్రాజెక్టు... తిప్పి తిప్పి ఈ మూడే వస్తాయి. నాలుగో సంగతి నేను చెప్తా. మా ఫోన్లలో మార్కాపురంలో పింగ్ 45. కంభంలో 60. గిద్దలూరులో 55. అక్కణ్ణుంచి దిగువమెట్ట దాటి అడవిలోకి వెళ్తే అసలు పింగే ఉండదు. సిగ్నల్ గీతలు ఒక్కొక్కటే రాలిపోయి, చివరికి ఏమీ మిగలదు.

ఈ లెక్కలు ఏ మ్యాపులోనూ దొరకవు. ఓ ఫ్రెండ్‌తో కలిసి ఏళ్ళ తరబడి ర్యాంక్ పుష్ చేస్తే తెలుస్తాయి.

ఆడని వాళ్ళ కోసం ఒక్క ముక్క. మనం ఫోన్‌లో ఫైర్ బటన్ నొక్కితే ఆ కబురు సర్వర్ దాకా వెళ్ళి తిరిగి రావాలి. దానికి పట్టే టైమే పింగ్. లెక్క మిల్లీసెకన్లలో. యాభై ఉంటే ఆట నున్నగా సాగిపోతుంది. రెండొందలు దాటిందా, మనం ముందే కాల్చినా చచ్చేది మనమే. ఎవడు ముందు కాల్చాడో తేల్చేది మన కన్ను కాదు, సర్వర్.

వంద మందిలో ఇద్దరం

మాది మార్కాపురం. వాడిది గిద్దలూరు పక్కన ఓ పల్లె. ఇంజినీరింగ్‌లో ఇద్దరిదీ ఒకే బెంచీ. లాక్‌డౌన్‌లో ఆన్‌లైన్ క్లాసు ఓ పక్క, పబ్జీ ఓ పక్క. 2020 సెప్టెంబర్ 2న పబ్జీ బ్యాన్ అయినప్పుడు వాడు ఫోన్ చేసి పది సెకన్లు ఏం మాట్లాడలేదు. తర్వాత ఫ్రీ ఫైర్‌కి మారాం. 2021 జులైలో బీజీఎంఐ వచ్చింది. 2022 ఫిబ్రవరిలో ఫ్రీ ఫైర్ పోయింది. అదే ఏడాది జులైలో బీజీఎంఐ కూడా ప్లేస్టోర్‌లోంచి మాయమై, 2023 మేలో తిరిగొచ్చింది. మా బ్యాచ్ వాళ్ళను ఏ సెమిస్టర్ ఎప్పుడు రాశారని అడిగితే తడుముకుంటారు. ఈ తారీఖులు మాత్రం టకటకా చెప్తారు.

ఆ 2023లోనే నాకు బెంగళూరులో ఉద్యోగం వచ్చింది. వాడు ఊళ్ళోనే ఆగాడు. వాళ్ళ నాన్నకు మోకాళ్ళ నొప్పులు. ఐదెకరాలు. మిరప, కంది. రోజూ రాత్రి పదికి ఇద్దరం లాబీలో కలిసేవాళ్ళం. డ్యూయో. అంటే టీముకు ఇద్దరే. వంద మంది దిగే చోట నీకున్నది ఒక్కడు. నువ్వు పడిపోతే పాక్కుంటూ వచ్చి లేపేది వాడొక్కడే. ఆ లేపే పది సెకన్లలో ఎవడైనా చూస్తే ఇద్దరూ పోతారు. అయినా వస్తాడు. మావాడు ప్రతిసారీ వచ్చేవాడు, తిట్టుకుంటూ.

మగపిల్లలు ఒకరికొకరు ఫోన్ చేసుకుని "ఎలా ఉన్నావురా, మనసు బాగుందా" అని అడగడం మా వైపు లేదు. ఆటలో మాత్రం ఇల్లిల్లూ తిరిగి తుపాకులు ఏరుకునే ఐదు నిమిషాలుంటాయి. ఊరి సంగతులన్నీ అప్పుడే. వాళ్ళ చెల్లికి సంబంధాలు చూస్తున్నారని, గేదె ఈనిందని, తెల్లపురుగుకు మందు కొట్టినా లాభం లేదని... అన్నీ నాకు ఎరాంగెల్‌లోనే తెలిశాయి. మా తాతలకు రచ్చబండ ఉండేది. మాకు లాబీ ఉంది.

నాలుగు వేల రెండొందలకు యాభై తక్కువ

ర్యాంకుల సంగతి మీకు తెలిసిందే. బ్రాంజ్ నుంచి మొదలై క్రౌన్ దాకా ఎక్కాలి. 4200 పాయింట్లు దాటితే ఏస్. పైకి పోయేకొద్దీ గెలిస్తే వచ్చేది చారెడు, ఓడితే పోయేది బారెడు. రెండు నెలలకో, కాస్త అటూ ఇటుగానో సీజన్ మారుతుంది, ర్యాంకు కిందికి జారుతుంది. మళ్ళీ మొదటికి.

ఓ సీజన్ చివరి రాత్రి. నాకు 4150. వాడికి 4170. ఒక్క మంచి మ్యాచ్ పడితే ఇద్దరం ఏస్. పొచింకి పక్కన దిగాం. లూట్ బాగా దొరికింది. కానీ వాడి దగ్గర్నుంచి మాట లేదు. మామూలుగా అయితే "మామా, ఎడమ పక్క గోడ వెనక ఒకడు" అంటూ కామెంట్రీ ఆగదు.

"ఏందిరా, కాల్ ఇవ్వవేంది?"

"నీళ్ళు పళ్ళేదురా."

"ఏంది?"

"బోరు. మూడోది. ఆరొందల అడుగులు దింపారు. దుమ్మే వచ్చింది."

ఓ ఇంట్లో బాత్రూములో నక్కి ఉన్నాం ఇద్దరం. బయట కాల్పులు. కొబ్బరికాయ చేతిలో పెట్టుకుని పాయింటు చూసినాయన ఏం చెప్పాడో, రిగ్గు లారీ వాడికి ఎంత ఇచ్చారో, అందులో అప్పెంతో, వాళ్ళ నాన్న రాత్రి అన్నం తినకుండా పొలంలోనే ఎలా కూర్చున్నాడో వాడు చెప్తూ పోయాడు. నేను వింటూ ఉన్నా. మ్యాపులో బ్లూ జోన్ మా మీదికొచ్చింది. ఇద్దరిలో ఎవరమూ లేవలేదు. ఇద్దరమూ అక్కడే అయిపోయాం. ఇద్దరికీ పాయింట్లు పోయాయి. ఆ సీజన్ క్రౌన్‌లోనే ముగిసింది.

"శుక్రవారం బయల్దేరుతున్నా" అన్నా. వాడు "రా" అన్నాడు. అంతే.

సిగ్నల్ లేని రైలు

నంద్యాల నుంచి గుంటూరు వైపు పగటిపూట వెళ్ళే రైలెక్కండి. కిటికీ పక్క సీటు వదలకండి. గాజులపల్లె దాటాక నల్లమల మొదలవుతుంది. 19వ శతాబ్దం చివర్లో బ్రిటిష్ హయాంలో వేసిన మీటర్‌గేజ్ లైను ఇది. అప్పట్లో రైలు బొగద సొరంగం గుండా, దొరబావి వంతెన మీదుగా పోయేది. 1990ల్లో బ్రాడ్‌గేజ్ అయ్యాక లైను దారి మారింది. పాతది అడవికి వదిలేశారు. ఇప్పటి రైలూ సొరంగంలో దూరుతుంది. బోగీలో పిల్లలు ఇప్పటికీ కేకలేస్తారు.

నేను గమనించిందేమంటే, అడవిలోకి రాగానే బోగీ మొత్తం తలెత్తింది. రీల్స్ ఆగిపోయాయి. ఎదురు సీటులో ఇద్దరు ఇంటర్ కుర్రాళ్ళు మ్యాచ్ మధ్యలో ఉన్నారు. స్క్రీన్ మీద రీకనెక్టింగ్ అని తిరుగుతోంది. "ఒరే మైనస్ పడుద్దిరా" అని ఒకడు నెత్తి పట్టుకున్నాడు. ఆ పక్కనున్న పెద్దాయన "ఏం బాబూ, డబ్బులు పోయినయ్యా?" అని జాలిగా అడిగాడు. పెద్దవాళ్ళకు ఇదీ ఆన్‌లైన్ రమ్మీ ఒకటే. తేడా ఉంది. 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన చట్టం కూడా డబ్బు పెట్టి ఆడే ఆటలను నిషేధించి, ఈ-స్పోర్ట్స్‌ను వేరుగా గుర్తించింది. మాది పేకాట కాదు పెద్దాయనా, పోయేది నిద్రా పాయింట్లూ మాత్రమే అని నేనే సర్దిచెప్పా.

దిగువమెట్ట దగ్గర గీతలు మళ్ళీ లేచాయి. ఫోన్లు గొల్లుమన్నాయి. గిద్దలూరు స్టేషన్ బయట వాడు బండి మీద ఉన్నాడు. చిక్కిపోయాడు. వాయిస్ చాట్‌లో అది తెలియదు కదా.

మూడు కేసింగ్ పైపులు

మొదట పొలానికే తీసుకెళ్ళాడు. ఐదెకరాల్లో మూడు చోట్ల మూడు కేసింగ్ పైపులు నేల పైకి తలలెత్తి ఉన్నాయి. మూతికి గోనెసంచులు కట్టారు, పిల్లలు పడకుండా. వాళ్ళ నాన్న నన్ను చూసి "ఏం నాయనా, బెంగుళూర్లో నీళ్ళున్నయ్యా?" అన్నాడు. "అక్కడా ట్యాంకర్లే పెదనాన్నా" అన్నా. ఆయన నవ్వాడు.

ఈ పక్క నీళ్ళ కథ ఇంతే. వాన తక్కువ, కింద రాయి. చాలా పల్లెల్లో బోరులో నీళ్ళు పడ్డా ఫ్లోరైడ్ గొడవ. శ్రీశైలం జలాశయం నుంచి నల్లమల కొండ కింద 18 కిలోమీటర్లకు పైగా జంట సొరంగాలు తవ్వి కృష్ణ నీళ్ళు తెచ్చేదే వెలిగొండ ప్రాజెక్టు. దశాబ్దాలుగా ఇక్కడ ప్రతి ఎన్నికలోనూ ఆ పేరు వినపడుతుంది. ఆ సొరంగాల పేరు చెప్తే వాడు ఒకటే అంటాడు: "మన పింగ్ కన్నా లేటు మామా."

కంభం కట్ట మీద

మర్నాడు బండి మీద కంభం వెళ్ళాం. మీరు ఈ పక్కకు వస్తే ఇది మాత్రం మిస్ కావద్దు. రెండు కొండల మధ్య సందును కట్టతో మూసి గుండ్లకమ్మను ఆపారు. ఏదో పెద్ద యంత్రాల పని కాదు, విజయనగర రాజుల కాలం నాటి పని. గజపతుల ఆడపడుచు వరదరాజమ్మ కట్టించిందని చెప్తారు. 2020లో అంతర్జాతీయ నీటిపారుదల సంస్థ దీన్ని ప్రపంచ వారసత్వ సాగునీటి కట్టడంగా గుర్తించింది. చెరువు నిండిన ఏడాది కట్ట మీద నిలబడితే అవతలి ఒడ్డు కోసం కళ్ళు చికిలించాలి.

కట్ట మీద కూర్చున్నాం. గాలి బాగుంది. సిగ్నల్ కూడా. అలవాటు కొద్దీ ఇద్దరం ఫోన్లు తీసి, ఒకరినొకరు చూసి, మళ్ళీ జేబులో పెట్టుకున్నాం. పక్కపక్కన కూర్చుని ఆడటం చాలా రోజులైంది, కానీ ఆ పూట ఆడాలనిపించలేదు. పక్కన గన్ను లేదు, జోన్ లేదు. మాట మొదలెట్టడమే కష్టమైంది. చివరికి వాడే అడిగాడు.

"నీ రూములో ఇంకోడికి చోటుందా?"

"ఉంది."

"నాన్న పొలం కౌలుకియ్యనంటున్నాడు. నేనొచ్చేస్తే ఆయనొక్కడే."

నేను రమ్మనలేదు, వద్దనీ అనలేదు. లెక్కలేశాం. అప్పెంత, వడ్డీ ఎంత, బెంగళూరులో మొదటి జీతంలో రూముకి, తిండికి పోగా ఎంత మిగులుతుంది. నీళ్ళడగని కంది వేస్తే చేతికి ఎంతొస్తుంది. కాగితం లేదు, ఫోన్‌లో నోట్స్ తెరిచి రాశాం. సాయంత్రానికి ఒకటి తేలింది. ఈ ఏడాదికి మిరప వద్దు, కంది చాలు. నాలుగో బోరు ఆలోచన బంద్. గిద్దలూరులో తెలిసినాయన షాపులో మొబైల్ రిపేరు నేర్చుకుంటాడు. వచ్చే వేసవికి బెంగళూరా, ఊరా అన్నది అప్పుడు చూద్దాం.

పలక మీద రాత

ఆదివారం మార్కాపురం. మా అమ్మ పెట్టిన పప్పూ అన్నం తిని, చెన్నకేశవ స్వామి గుడి గాలిగోపురం కింద కాసేపు తిరిగాం. 1970లో ప్రకాశం జిల్లా ఏర్పడే దాకా మార్కాపురం, కంభం, గిద్దలూరు కర్నూలు జిల్లావి. ఆ తర్వాత జిల్లా ఆఫీసు పనంటే ఒంగోలు దాకా, దాదాపు వంద కిలోమీటర్లు. మార్కాపురం జిల్లా కావాలని ఇక్కడివాళ్ళు ఏళ్ళ తరబడి అడిగింది అందుకే.

ఊరి బయట పలకల యూనిట్లున్నాయి. మీలో ఎవరైనా నల్లరాతి పలక మీద అఆలు దిద్ది ఉంటే ఆ రాయి మా ఊరిది కావచ్చు. ఒకప్పుడు దేశమంతా ఇక్కడి పలకలు వెళ్ళేవి. నోటుబుక్కులు, ప్లాస్టిక్ పలకలు వచ్చాక గిరాకీ పడిపోయింది. చాలా మంది ఇళ్ళ గోడలకూ నేలకూ వేసే డిజైన్ రాళ్ళ పనిలోకి మళ్ళారు. అదే రాయి, వేరే పని.

వాడు తమ్ముడి కొడుకు కోసం ఓ పలక కొన్నాడు. "సీజన్ రీసెట్ కూడా ఇదే మామా. తడి గుడ్డ పెట్టి తుడిచేస్తారు. చెయ్యి తిరిగిన రాత మాత్రం పోదు" అన్నాడు. నేను నవ్వితే, "నవ్వకు, నీకింకా తిరగలేదు" అని కలిపాడు.

వెళ్ళాలనుకునే వాళ్ళకు

వానలు తగ్గాక, అక్టోబరు నుంచి జనవరి లోపు వెళ్ళండి. నల్లమల పచ్చగా ఉంటుంది, చెరువులో నీళ్ళుంటాయి. నంద్యాల నుంచి రైల్లో గిద్దలూరు, కంభం, మార్కాపురం రోడ్ స్టేషన్లు వరసగా వస్తాయి. రెండు రోజులు చాలు. ఘాట్‌లో ర్యాంక్ మ్యాచ్ పెట్టుకోవద్దు, డ్యూయో అయితే అసలే వద్దు. నీ ఒక్కడి పాయింట్లు పోతే పోనీ. అడవిలో సిగ్నల్ పోయి నువ్వు బొమ్మలా నిలబడితే, నిన్ను కాపాడటానికి అవతల వాడు పాక్కుంటూ వస్తాడు.

ఇప్పుడు వాడు షాపు కట్టేసి ఇంటికొచ్చేసరికి పదిన్నర అవుతోంది. కంది పూత మీద ఉంది. నిన్న రాత్రి ఎంత పాయింట్లని అడిగితే 3900 అన్నాడు. నాకు 3860. ఈ సీజన్‌కి ఇంకా పన్నెండు రోజులుంది.